కుర్చీలక్క రెండు వాంగ్మూలాలు

కొత్తగా అల్లిన పేము కుర్చీ మీద ఒక రోజంతా ఏమీ పెట్టకూడదు. పేము బద్దల్ని నీళ్లలో నానబెట్టి, మెత్తబడ్డాక అల్లుతారు. ఆరేకొద్దీ అవి బిగుసుకుంటాయి. తడి ఆరకముందే ఇంకో కుర్చీ దాని మీద ఎక్కిస్తే నడుమ గుంట పడుతుంది. ఆ గుంట ఇక పోదు. ఎండలో పెడితే బద్దలు పెళుసెక్కి చిట్లుతాయి. ఈ రెండు సంగతులూ వ్యాను డ్రైవర్లకు చెప్పి చెప్పి విసిగిపోయి, అల్లిన కుర్చీలు ఎక్కడికి వెళ్లినా వాటితో పాటు తానూ వెళ్లడం అలవాటు చేసుకుంది కుర్చీలక్క. ఇరవై ఏడేళ్లలో ఆమె లేకుండా ఆమె కుర్చీ ఒక్కటీ బండెక్కలేదు.

ఆమెకు అసలు పేరు లేకపోలేదు. కరెంటు బిల్లు మీద ఉంది. ఆ బిల్లు ఇచ్చే మనిషి కూడా గుమ్మం దగ్గర నిలబడి "కుర్చీలక్కా" అనే పిలుస్తాడు.

తండ్రికి చూపు లేదు. చూపు లేనివాళ్ల కోసం నడిపే బడిలో ఆయన పేము అల్లకం నేర్చుకున్నాడు. ఏడేళ్ల వయసు నుంచీ ఆమె ఆయన పక్కన కూర్చుని బద్దలు అందించేది. నిలువు ఒక వరస, అడ్డం ఒక వరస, మళ్లీ నిలువు, మళ్లీ అడ్డం, ఆపైన ఐమూలగా రెండు వరసలు. మొత్తం ఆరు. మూడో వరసలో ఒక బద్ద తప్పితే ఐదో వరసలో గానీ బయటపడదు. అప్పుడు తండ్రి తిట్టేవాడు కాదు. కుర్చీ ఆమె ముందుకు తోసి, విప్పమనేవాడు. విప్పడం అల్లడం కంటే కష్టం.

పెళ్లయింది, కూతురు పుట్టింది, భర్త ఇంకోచోట కాపురం పెట్టుకున్నాడు. ఆయన సంగతి ఎవరైనా ఎత్తితే "ఆ కుర్చీ ఎప్పుడో ఇచ్చేశానమ్మా, రసీదు కూడా తీసుకోలేదు" అని నవ్వేసేది. కూతురు ఇప్పుడు మందుల షాపులో కౌంటర్ దగ్గర పనిచేస్తోంది. అమ్మకు వచ్చే ఉత్తరాలు చదివి పెట్టేదీ, కాగితాలు సర్ది పెట్టేదీ ఆ పిల్లే.

ఇల్లు రెండు గదులు, వాటికంటే పొడుగైన వరండా. వరండాలో నీళ్ల తొట్టి, గోడకు చుట్టలు చుట్టలుగా పేము, చిన్న పీట. పీట మీద కూర్చుని, కుర్చీని మోకాళ్ల మధ్య ఇరికించుకుని, ఎడమ పాదంతో దాని కాలు తొక్కిపెట్టి, బద్దని కన్నంలోంచి కిందికి లాగి, చెక్క మేకు కొట్టి ఆపాలి. చూసేవాళ్లకు అది చేతిపని అనిపిస్తుంది. నిజానికి బరువంతా తుంటి మోస్తుంది. ఆ సంగతి ఆమెకూ తుంటి విరిగాకే తెలిసింది.

కుర్చీలు మోసే వ్యాను బూరది. హారన్ మోత బండి కంటే పెద్దది కాబట్టి అతనికి ఆ పేరు. ముప్పై ఎనిమిదేళ్ల మనిషి. బండి సొంతం. డ్రైవరూ అతనే, ఓనరూ అతనే, కడిగేదీ అతనే. పదకొండేళ్లుగా ఆమె కుర్చీలు అతని బండిలోనే వెళ్లాయి. ఆమె అతని పక్క సీట్లో కూర్చుని వెనక్కి తిరిగి అద్దంలోంచి చూస్తూ ఉంటుంది. "అక్కా, నువ్వలా వెనక్కి చూస్తుంటే నాకు ముందుకు నడపబుద్ధి కాదు" అనేవాడు అతను. "గతుకులు చూసి నడుపు, నేను వెనక్కి చూడను" అనేది ఆమె.

సరుకుల బండిలో డ్రైవరు పక్కన మనిషి కనబడితే ట్రాఫిక్ వాళ్లు ఆపుతారు. బాడుగకు మనుషుల్ని ఎక్కించుకున్నావని జరిమానా రాస్తారు. అందుకే ఆ వీధి వ్యాను డ్రైవర్లందరికీ ఒక పాఠం ఉంది. బండెక్కే ప్రతి ఆడమనిషికీ "ఎవరడిగినా మా అక్కనని చెప్పు. ఊరికే తోడుకొచ్చానని చెప్పు. సామాను మాట మాత్రం ఎత్తకు" అని చెబుతారు. మగవాళ్లయితే బావ అవుతారు. వయసు మళ్లినవాళ్లయితే పెదనాన్న. సామాను మాట ఎత్తితే బాడుగ మాట వస్తుందనీ, బాడుగ మాట వస్తే జరిమానా రెట్టింపవుతుందనీ వాళ్ల లెక్క.

కుర్చీలక్క పదకొండేళ్లలో ఆ మాట ఎన్నిసార్లు చెప్పిందో ఆమెకే గుర్తులేదు. మొదట్లో ఒకటి రెండుసార్లు తడబడింది. తర్వాత అది అబద్ధమని కూడా తోచలేదు. బండెక్కగానే తలుపు లాగి వేసుకోవడం ఎలాగో, ఖాకీ చొక్కా కనబడగానే "తమ్ముడండీ" అనడం అలాగ.

ఆ రోజు గ్రంథాలయం కుర్చీలు. పన్నెండు. చదువుకునే హాలుకు రంగులు వేయించి మళ్లీ తెరుస్తున్నారు, కుర్చీలు మధ్యాహ్నంలోగా కావాలన్నారు. వాటిలో నాలుగు కుర్చీలకు ఆఖరి వరసలు ఆ పొద్దున్నే పూర్తయ్యాయి. తడి ఇంకా అలాగే ఉంది. ఆమె పాత దుప్పట్లు చుట్టి, ఒకదానికొకటి తగలకుండా తాడు కట్టించి, బూర పక్కన ఎక్కింది.

గ్రంథాలయానికి ఇంకో రెండు మలుపులు ఉన్నాయనగా, పక్క సందులోంచి ఒక మోటారు సైకిల్ అడ్డం వచ్చింది. బూర స్టీరింగు ఎడమకు తిప్పాడు. రోడ్డు పక్క కాలువలోకి ఎడమ చక్రం దిగింది. బండి ఒక్క క్షణం ఆలోచించినట్టు నిలబడి, నెమ్మదిగా ఎడమ పక్కకు ఒరిగింది. ఎడమ పక్కన ఉన్నది ఆమె. బూరకు మోచేయి గీరుకుపోయింది, అంతే. వెనక పన్నెండు కుర్చీల్లో రెండింటికి చేతులు విరిగాయి.

జనం పోగై ఆమెను బయటికి లాగి రోడ్డు పక్క పడుకోబెట్టారు. కాలు కదలడం లేదు. నొప్పి ఇంకా పూర్తిగా ఎక్కలేదు. గ్రంథాలయం దగ్గరే కాబట్టి అక్కడి అటెండరు, ఇంకో ఇద్దరు పరిగెత్తుకొచ్చారు. ఆమె పడుకునే అరిచింది.

"కుర్చీలు ఎండలో ఉంచకండి! పచ్చి అల్లిక! లోపలికి తీసుకుపోండి!"

"అమ్మా, నువ్వు కదలకు, ముందు ఆసుపత్రికి..."

"నేనెక్కడికీ పోను, నా కాలు పోనిస్తేగా! ఒకదాని మీద ఒకటి పెట్టకు, గాడిదా! విడివిడిగా!"

అటెండరు యాభై దాటిన మనిషి. గాడిద అనిపించుకుని కూడా నోరెత్తకుండా కుర్చీలు విడివిడిగానే మోసుకుపోయాడు. పావుగంటలో బండి ఖాళీ అయింది. ఆ తర్వాత అంబులెన్సు వచ్చి ఆమెను తీసుకెళ్లింది. ఇంకో అరగంటకు పోలీసులు వచ్చి, పడి ఉన్న బండిని చుట్టూ చూసి, రాసుకున్నారు: వాహనంలో సరుకు ఏమీ లేదు.

సాయంత్రం ఆసుపత్రి వార్డుకు హెడ్ కానిస్టేబుల్ వచ్చాడు. మర్యాదస్తుడే. స్టూలు లాక్కుని మంచం పక్కన కూర్చుని, అట్ట మీద కాగితం పెట్టుకున్నాడు.

"డ్రైవరు మీకేమవుతాడమ్మా?"

"తమ్ముడండీ."

"మీరు బండిలో ఎందుకున్నారు?"

"ఊరికే, తోడుకి."

అతను రాశాడు, చదివి వినిపించాడు, ఆమె సంతకం పెట్టింది. వాంగ్మూలం మొత్తం ఆరు వాక్యాలు. నొప్పి తగ్గడానికి ఇచ్చిన సూదిమందు మత్తు ఉన్నా, ఆమెకు తెలివి బాగానే ఉంది. బూరకు జరిమానా తప్పించానన్న తృప్తి కూడా ఉంది.

ఆమె తుంటి ఎముకకు రాడ్డు వేశారు. నాలుగు నెలలైనా ఎముక అతకలేదు. తుంటి కీలు మార్చక తప్పదని డాక్టరు తేల్చాడు. ఆ ఖర్చు ఎంతో చెప్పినప్పుడు కూతురు డాక్టరు మొహం కాకుండా గోడ మీది క్యాలెండరు చూసింది. కీలు మార్చకపోతే కర్ర సాయంతో గదిలో తిరగగలదు. గుమ్మం దాటడం కష్టం. పీట మీద కూర్చోలేదు కాబట్టి ఆమె నిలబడి, బల్ల మీద కుర్చీ పెట్టుకుని అల్లడానికి ప్రయత్నించింది. రోజున్నరలో అయ్యే కుర్చీకి ఆరు రోజులు పట్టింది. అదీ మధ్యలో మంచం మీద వాలుతూ, లేస్తూ.

బండికి బీమా ఉంది కదా, వాళ్లిస్తారు అనుకున్నారు అందరూ. బీమా కంపెనీ ఉత్తరం రాసింది. కూతురు చదివింది. సరుకుల వాహనంలో సరుకు యజమాని గానీ, సరుకు వెంట ఆయన పంపిన మనిషి గానీ ప్రయాణిస్తూ గాయపడితే కంపెనీ బాధ్యత వహిస్తుంది. ఊరికే ఎక్కించుకున్న వ్యక్తికి బాధ్యత వహించదు. పోలీసు కాగితాల ప్రకారం వాహనంలో సరుకు లేదు. గాయపడిన వ్యక్తి డ్రైవరు అక్క, తోడుగా వచ్చింది. కాబట్టి క్లెయిము తోసిపుచ్చడమైనది.

కుర్చీలక్క ఆ ఉత్తరాన్ని మళ్లీ చదవమంది. "సరుకు వెంట వచ్చిన మనిషికి ఇస్తారా? అలా రాసుందా పాలసీలో?"

"ఉందమ్మా."

"మొదట్నుంచీ ఉందా?"

"మొదట్నుంచీ ఉంది."

పదకొండేళ్లుగా నిజం చెప్పినా ఏ తప్పూ ఉండేది కాదు. ఆ సీట్లో ఆమెకు చోటు రాసిపెట్టే ఉంది. ఆ సంగతి ఆమెకు తెలియదు, బూరకు తెలియదు, ఆ పాఠం మొదలుపెట్టిన డ్రైవరు ఎవరో ఆయనకూ తెలిసి ఉండదు. జరిమానాలు రాసిన ట్రాఫిక్ వాళ్లలో ఎందరికి తెలుసో చెప్పడం కష్టం.

కేసు వేశారు. ఇలాంటి కేసు బండి ఓనరు మీదా, బీమా కంపెనీ మీదా కలిపి వేయాలి. అంటే కాగితం మీద బూర ఆమెకు ప్రత్యర్థి. కోర్టుకు మాత్రం ఇద్దరూ ఒకే ఆటోలో వచ్చేవారు. ఆమె దిగడానికి అతను చెయ్యి అందించేవాడు. మొదటిసారి చూసిన కోర్టు బంట్రోతు "ఎవరి మీద ఎవరు వేశారమ్మా?" అని అడిగాడు. "నేను వీడి మీద" అంది ఆమె, అతని భుజం పట్టుకుని మెట్టెక్కుతూ.

ఆమె ప్లీడరు సీనియరే, చేతిలో పని మాత్రం ఎక్కువ. కేసు కట్ట తెరిచి ఐదు నిమిషాల్లో దారి చెప్పేశాడు.

"చూడమ్మా, కంపెనీకి బాధ్యత లేదని తేలితే, డబ్బు ఇవ్వమని కోర్టు ఇతని మీద ఆర్డరిస్తుంది. ఇతని దగ్గర ఏముంది?"

"బండి" అన్నాడు బూర.

"ఆ బండి అమ్మినా ఆవిడ ఆపరేషన్‌కు సగం రాదు. నీకు బండి పోతుంది, ఆవిడకు తుంటి రాదు. అందుకని కంపెనీనే పట్టుకోవాలి. మనకు అడ్డు ఆసుపత్రిలో ఇచ్చిన వాంగ్మూలం ఒక్కటే. అమ్మా, నీకు స్పృహ లేదని చెబుదాం. హెడ్డు తనకు తోచింది రాసుకుని వేలు పట్టుకుని సంతకం పెట్టించాడని చెబుదాం. మామూలుగా జరిగేదే. జడ్జిలు నమ్ముతారు."

బూర వెంటనే తలూపాడు. "అదే బాగుందక్కా. ఆయన మీద వేసేద్దాం. ఆయనకేం పోతుంది?"

"ఆయనేం చేశాడురా? నేను చెప్పింది రాశాడు. చదివి వినిపించాడు కూడా."

"ఇప్పుడు నీతులెందుకక్కా!"

"నీతి కాదు, ఆగు." ఆమె ప్లీడరు వైపు తిరిగింది. "అయ్యా, బండిలో కుర్చీలున్నాయని చెప్పడానికి మనకెవరున్నారు?"

"గ్రంథాలయం అటెండరు. అతనొచ్చి చెబుతాడు కదా."

"ఏమని చెబుతాడు?"

"రోడ్డు మీద నువ్వు కుర్చీలు మోయించావనీ..." ప్లీడరు ఆగాడు.

"గాడిద అన్నాననీ చెబుతాడు" అంది ఆమె. "ఎండలో పెట్టొద్దని అరిచాననీ చెబుతాడు. స్పృహ లేనిదాన్ని అంత అరుపు ఎలా అరిచానండీ?"

ప్లీడరు కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. "స్పృహ ఆ తర్వాత పోయిందని..."

"ఆసుపత్రి కాగితంలో తెలివిగా ఉందని రాశారు" అంది కూతురు, కాగితం తీసి చూపిస్తూ. మందుల షాపులో రోజూ డాక్టర్ల రాత చదివే పిల్ల.

స్పృహ లేదంటే కుర్చీలు పోతాయి. కుర్చీలుంటే స్పృహ ఉండాలి. రెండూ ఒక్క కేసులో నిలబడవు.

"మూడో వరసలో తప్పు పైనుంచి సర్దితే పోదండీ" అంది కుర్చీలక్క. "అక్కడిదాకా విప్పాల్సిందే."

"అన్నిటికీ కుర్చీ పోలికేనా అమ్మా!" అని కూతురు విసుక్కుంది. కానీ ప్లీడరు నవ్వలేదు.

"విప్పడమంటే ఏంటో తెలుసా?" అన్నాడు. "పోలీసులకు అబద్ధం చెప్పానని నువ్వు బోనులో ఒప్పుకోవాలి. చెప్పమని నేర్పింది నేనేనని ఇతను ఒప్పుకోవాలి. కంపెనీ ప్లీడరు ఊరుకోడు. ఇతను బాడుగకు మనుషుల్ని ఎక్కించుకునే రకం, పాలసీ షరతు తప్పాడు, మాకు బాధ్యత లేదు అంటాడు. జడ్జిగారు ఆ మాట పట్టుకుంటే మొత్తం ఇతని నెత్తిన పడుతుంది."

బూర లేచి బయటికి వెళ్లాడు. కిటికీలోంచి కనబడుతూనే ఉన్నాడు. వరండా స్తంభానికి ఆనుకుని తన బండి తాళాలు వేలికి తిప్పుకుంటున్నాడు. కుర్చీలక్క అతన్ని పిలవలేదు. పదకొండేళ్లు ఆమె కుర్చీలకు ఒక్క గుంట పడకుండా నడిపిన మనిషి. అతని బండి పోవడం ఆమెకు ఇష్టం లేదు. తన తుంటి పోవడమూ ఇష్టం లేదు. ఏది ఎక్కువ ఇష్టం లేదో తేల్చుకోవలసిన చోట కూర్చోవడం ఆమెకు అంతకంటే ఇష్టం లేదు.

అతను లోపలికి వచ్చి కూర్చోకుండానే అన్నాడు. "నేర్పింది నేనే కదా. చెబుతాను."

"ఆలోచించుకోరా."

"ఆలోచించే వచ్చా. మళ్లీ ఆలోచింపజేయకు, మారిపోతా."

విచారణ రోజు జడ్జి ఒక నడివయసు ఆవిడ. చిన్న గది, నాలుగు బెంచీలు, కిర్రుమనే ఫ్యాను. కుర్చీలక్క ఎక్కువసేపు నిలబడలేదని కుర్చీ వేయించారు. ఆమె కూర్చోబోతూ అలవాటుగా సీటు మీద అరచెయ్యి వేసి చూసింది. ప్లాస్టిక్ వైరు అల్లిక. మొహం చిట్లించుకుని కూర్చుంది.

బీమా కంపెనీ ప్లీడరు కుర్రవాడు, తయారుగా వచ్చాడు. చేతిలో పోలీసు కాగితాలకు రంగు రంగుల చీటీలు అంటించుకున్నాడు.

"ఆసుపత్రిలో హెడ్ కానిస్టేబుల్ మాట్లాడినప్పుడు మీకు స్పృహ ఉందా?"

"ఉందండీ."

"డ్రైవరు మీకేమవుతాడని చెప్పారు?"

"తమ్ముడని చెప్పాను."

"అవుతాడా?"

"కాడండీ."

"బండిలో ఎందుకున్నానని చెప్పారు?"

"ఊరికే తోడుకని."

"అంటే పోలీసులకు అబద్ధం చెప్పారు."

"చెప్పానండీ. రెండు చెప్పాను."

అతను తర్వాతి చీటీ దగ్గర ఆగాడు. ఆమె కాదంటుందని, దాన్ని ఔననిపించడానికి అరగంట పడుతుందని లెక్కేసుకుని వచ్చిన మనిషి. తర్వాత వేయాల్సిన ప్రశ్నలు నాలుగు పేజీలు పనికిరాకుండా పోయాయి.

"అప్పుడు అబద్ధం చెప్పిన మీరు ఇప్పుడు నిజం చెబుతున్నారని ఎలా నమ్మమంటారు?"

"అప్పుడు వీడికి జరిమానా పడకూడదని చెప్పానండీ."

"ఇప్పుడు మీకు డబ్బు రావాలని చెబుతున్నారు!"

"రావాలనే కదండీ వచ్చింది. తుంటి విరిగింది నాది."

వెనక బెంచీలో ఎవరో నవ్వారు. జడ్జి తలెత్తితే ఆపేశారు.

కుర్రవాడు దారి మార్చాడు. "సరే, కుర్చీలు ఉన్నాయనే అనుకుందాం. ఆ కుర్చీలు మీవా?"

"గ్రంథాలయానివి."

"మరి సరుకు యజమాని మీరెలా అవుతారు?"

ఆమె ఈ ప్రశ్నకు కొంచెం ఆలోచించింది. "వాళ్లు నా చేతికిచ్చిన రోజు నుంచి మళ్లీ నేను అప్పజెప్పేదాకా నావేనండీ. దారిలో కాలు విరిగితే నేనే బాగుచేయించాలి. కూర్చోవడానికి మాత్రం వాళ్లవి."

అటెండరు ఒక చీటీ తెచ్చాడు. పన్నెండు కుర్చీలు అల్లకానికి ఇచ్చినట్టూ, పని అయ్యాక ఆమే తెచ్చి అప్పజెప్పవలసి ఉన్నట్టూ గ్రంథాలయం వాళ్లు రాసి, కింద ఆమె సంతకం తీసుకున్న చీటీ. అతనితో జడ్జి నేరుగానే మాట్లాడింది.

"తుంటి విరిగి పడి ఉన్న మనిషి కుర్చీల గురించి అరిచిందా?"

"అరిచింది మేడం. ఒకదాని మీద ఒకటి పెట్టొద్దంది."

"మీరేం చేశారు?"

"పెట్టలేదు మేడం." కాస్త ఆగి, "నన్ను గాడిద అంది" అన్నాడు. రాసుకుంటున్న గుమాస్తా జడ్జి వైపు చూశాడు. "రాయండి" అంది ఆవిడ.

చివర బూర. ఉతికిన చొక్కా వేసుకుని, చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక వెనక్కి కట్టుకున్నాడు.

"మీ బండి ఎక్కినవాళ్లందరికీ ఇలాగే చెప్పమంటారా?" కంపెనీ ప్లీడరు అడిగాడు.

"చెప్పమంటానండీ."

"ఎంతమంది ఉంటారు?"

"లెక్కపెట్టలేదు. ఇప్పటికి నాకు ఓ నలభైమంది అక్కలుంటారు. బావలు ఇంకా ఎక్కువ."

ఈసారి జడ్జి కూడా పెదవులు బిగించుకోవాల్సి వచ్చింది. కుర్రవాడు మాత్రం దొరికిందని ముందుకు వంగాడు. "అంటే బాడుగకు మనుషుల్ని తిప్పుతున్నారు."

"సామాను లేకుండా ఒక్కర్నీ ఎక్కించుకోలేదండీ. సామాను ఉన్నవాళ్లు సామానును వదిలి రారు. బీరువా ఉన్నవాడు బీరువాతో వస్తాడు. మా అక్క కుర్చీలతో వస్తుంది." అన్న తర్వాత తడబడ్డాడు. "అక్క అంటే... ఈవిడ. అక్క కాదు. అలవాటండీ."

తీర్పుకు ఏడు వారాలు పట్టింది. ఆ ఏడు వారాల్లో ఆమె అల్లిన కుర్చీలు ఎనిమిది. కేసు ఏమవుతుందని వీధిలో అడిగినవాళ్లకు "అల్లకం అయింది, ఆరాలి" అనేది. ఒక్కతే ఉన్నప్పుడు మాత్రం గదిలో ఈ గోడ నుంచి ఆ గోడకు కర్ర లేకుండా ఎన్ని అడుగులు వేయగలదో చూసుకునేది. నాలుగు.

జడ్జి తీర్పు పెద్దగా ఏమీ లేదు, తొమ్మిది పేజీలు. ముఖ్యమైన భాగం కోర్టులో చదివింది. సంఘటన స్థలంలో బండి ఖాళీగా ఉండటానికి కారణం కుర్చీలను గాయపడిన మనిషే పంపించేయడం. ఆమె మొదటి వాంగ్మూలం అబద్ధం. దాన్ని కోర్టు మెచ్చదు. అయితే జరిమానాకు భయపడి ఆడిన అబద్ధం వల్ల ఆమె ఆ సీట్లో కూర్చున్న కారణం మారదు. తన చేతికి అప్పగించిన సరుకు వెంట ఆమె ప్రయాణించింది. కాబట్టి బీమా కంపెనీ బాధ్యత వహించాలి. ఓనరు నుంచి ఆ డబ్బు మళ్లీ రాబట్టుకుంటామన్న కంపెనీ కోరిక తిరస్కరించడమైనది. నెలకు ఎంత సంపాదించేదో చూపించే కాగితాలు లేనందున అడిగిన మొత్తంలో కొంత తగ్గించడమైనది.

"నా బండి?" అన్నాడు బూర బయటికి రాగానే.

"నీ బండి జోలికి ఎవరూ రారు" అన్నాడు ప్లీడరు.

బూర అక్కడే మెట్టు మీద కూర్చుండిపోయాడు. జనం పక్కనుంచి దిగిపోతున్నారు. "లేవరా, దారికడ్డం" అంది ఆమె. అతను లేవలేదు.

ఇంటికొచ్చాక కూతురు తీర్పు కాపీ చదివి వినిపించింది. అబద్ధం గురించిన వాక్యం దగ్గర గొంతు తగ్గించి దాటబోయింది.

"అదీ చదువు."

"ఏం బాగుంటుందమ్మా?"

"నా గురించి రాసిందే కదా. చదువు."

చదివించుకుని, కాగితం చేతిలోకి తీసుకుని ఆ వాక్యం ఎక్కడుందో చూపించమంది. తీర్పులో అన్నిటికంటే అదే నిజమని ఆమె నమ్మకం. మిగతా పేజీల్లో ప్లీడర్లు మాట్లాడిన మాటలున్నాయి.

కంపెనీ పైకోర్టుకు వెళ్లింది. వెళ్లాలంటే సగం డబ్బు ముందు జమ చేయాలి. ఆ సగాన్ని ఆపరేషన్ కోసం తీసుకోవడానికి కోర్టు ఒప్పుకుంది. అప్పీలు సంగతి ఇంకా తేలలేదు. తేలేదాకా ఆగడానికి తుంటి ఒప్పుకోదు.

ఆపరేషన్ అయిన ఆరో వారం డాక్టరు ఆమెను నడిపించి చూశాడు. కర్ర లేకుండా వార్డు ఆ చివరి దాకా వెళ్లి వచ్చింది. ఆయన సంతోషించి, చేయకూడని పనులు వరసగా చెప్పాడు. కాలు మీద కాలు వేసుకోకూడదు. నేల మీద కూర్చోకూడదు. చిన్న పీటలు అసలు పనికిరావు.

"కొన్నాళ్లా?"

"ఎప్పటికీ."

కూతురు అమ్మ వైపు చూసింది. కీలు మారితే పీట మీదికి తిరిగి వస్తానని ఆమె ఇన్నాళ్లూ అనుకుంది. వడ్రంగి చేత నడుమెత్తు బల్ల ఒకటి చేయించుకోవాలి. దానికి కుర్చీ కదలకుండా పట్టే బిగింపు ఉండాలి. పాదంతో తొక్కిపెట్టే పని ఇకనుంచి ఆ బిగింపు చేయాలి. రోజున్నర కుర్చీ మూడు రోజులకైనా వస్తే చాలు. ఇవన్నీ ఆమె బయటికి అనలేదు.

"బండెక్కొచ్చా?" అని అడిగింది.

"ఏ బండి?"

"సరుకుల వ్యాను. డ్రైవరు పక్కన."

డాక్టరు కొంచెం ఆలోచించాడు. "సీటు ఎత్తుగా ఉంటే ఎక్కొచ్చు."

"ఎత్తేనండీ" అంది కుర్చీలక్క. "బాగా ఎత్తు."